సవరణ: ఆ సమాధిలో ఇంకా ఎవరూ లేరు

చీమకుర్తి గెలాక్సీ గ్రానైట్‌తో ఒక ఆసామి బతికుండగానే సమాధి కట్టించుకుంటున్నాడని మొన్న రాశాను. సగం చదివిన కొందరు 'ఆత్మకు శాంతి' అనేశారు. ఆయన పోలేదండీ. నిక్షేపంగా ఉన్నాడు, బీపీ తప్ప.

ఇంకోటి. ఆ నల్లరాతిలో మెరిసేది బంగారమన్నది ఆయన మాట, నాది కాదు. అవి బ్రాంజైట్ అనే ఖనిజపు పలుకులు. అందులో ఉండేది ఇనుము, మెగ్నీషియం, సిలికా. ఈ సంగతి ఎవరో ఆయన చెవిన వేశారు. "అంటే నేను ఇనుం కింద పడుకోవాలా?" అని మేస్త్రీ మీద విరుచుకుపడి, పాలిష్ పట్టిన పలకలన్నీ పీకించాడు. ఇప్పుడు చుక్కచుక్కకీ బంగారు రేకు అద్దిస్తున్నాడు. చుక్కలు లెక్కెయ్యడానికి గుమస్తా, గుమస్తా మీద కన్నేయడానికి కెమెరా.

పక్కన ఖాళీ ఉంచిన చోటు భార్యకని రాశాను కదా, ఇప్పుడది మారింది. ఒంగోల్లో మామూలు శ్మశానమే తనకు చాలందావిడ. ఆ ఖాళీ చోట ఇనప్పెట్టె పెడతారట.

కొడుకులు అడ్డం చెప్పడం లేదు. పెద్దోడు తాళానికి నకలు చేయించుకున్నాడు. చిన్నోడు మాత్రం రోజూ వచ్చి, "నాయనా, పని ఎప్పటికి అయిపోద్ది?" అనడుగుతున్నాడు.