వెయ్యి కోట్ల నంబర్లు చెక్ చేసినా నమ్మలేని లెక్క

2002 ఆగస్టులో ఐఐటీ కాన్పూర్ నుంచి మణీంద్ర అగర్వాల్, నీరజ్ కయాల్, నితిన్ సక్సేనా ఒక పద్ధతి బయటపెట్టారు. ఏ నంబర్ ఇచ్చినా అది ప్రైమా కాదా అన్నది గ్యారంటీగా, నంబర్ పొడుగు పెరిగినా చేతులెత్తేయకుండా తేల్చే పద్ధతి. ఆ సంగతి చాలామందికి తెలుసు. తక్కువమందికి తెలిసింది ఏంటంటే ఆ పని వెనకాలే ఇంకో ఊహ కూడా ఉంది, అది గనక నిజమైతే ఆ టెస్ట్ ఇంకా బాగా స్పీడ్ అయిపోద్ది. ఆ ఊహని కంప్యూటర్ మీద పెట్టి వెయ్యి కోట్ల దాకా ఉన్న నంబర్లన్నిటికీ చెక్ చేసారు. ఒక్క చోట కూడా తప్పలేదు.

మామూలు మనిషికి ఇంతకంటే ఏం కావాలి? వెయ్యి కోట్ల దాకా కరెక్ట్ అయింది ఆ తర్వాత మాత్రం ఎందుకు తప్పుద్ది అనుకుంటాం. కానీ హెండ్రిక్ లెన్‌స్ట్రా, కార్ల్ పొమెరన్స్ అని నంబర్ థియరీలో తలపండినోళ్ళిద్దరు కూర్చుని, ఇది తప్పే అయ్యుండాలి, దీన్ని ఫెయిల్ చేసే నంబర్లు లెక్కలేనన్ని ఉండాలి అని గట్టి వాదన ఒకటి రాసారు. అది పూర్తి ప్రూఫ్ కాదు, ఫెయిలయ్యే నంబర్ ఇప్పటిదాకా ఎవరికీ దొరకలేదు కూడా. అయినా ఆ వాదన చూసినవాళ్ళు ఎక్కువమంది కంప్యూటర్ చెప్పిన వెయ్యి కోట్ల సాక్ష్యాల్ని పక్కన పెట్టి ఈ ఇద్దరి వైపే మొగ్గారు.

ఇప్పుడు దీనికి పూర్తిగా ఉల్టా కేసు ఒకటి చూడండి. 1995లో సైమన్ ప్లూఫ్ అనే కెనడా ఆయన పై (π, అంటే 3.14159...) విలువకి కొత్త ఫార్ములా పట్టాడు. పట్టాడు అంటే కాయితం మీద సాధించలేదు, పీఎస్ఎల్‌క్యూ అని ఒక అల్గారిథమ్ ఉంది, దానికి కొన్ని దశాంశ సంఖ్యల్ని చాలా అంకెల వరకూ ఇస్తే వాటి మధ్య చిన్న చిన్న పూర్ణాంకాలతో ఏమన్నా సంబంధం ఉందేమో వెతికి చెప్తుంది. అది వెతికి ఇచ్చిన నంబర్లు 4, మైనస్ 2, మైనస్ 1, మైనస్ 1, అంతే. 4 ని 1 తో, 2 ని 4 తో, 1 ని 5 తో, ఇంకో 1 ని 6 తో భాగించి, మొదటి దాంట్లోంచి మిగతా మూడూ తీసేస్తే మొదటి పదం వస్తుంది, 3.1333. తర్వాత కింద ఉన్న నంబర్లు ఒక్కోటీ 8 పెంచి (9, 12, 13, 14) మొత్తాన్ని 16 తో భాగించి కలిపితే 3.1414. మళ్ళీ 8 పెంచి 16 తో రెండుసార్లు భాగించి కలిపితే 3.14158. అలా పోతూనే ఉంటది. ప్లూఫ్, డేవిడ్ బెయిలీ, పీటర్ బోర్వీన్ పేర్ల మీద 1997లో పేపర్ వచ్చింది, ప్రూఫ్ కూడా పెద్ద బ్రహ్మవిద్యేం కాదు, డిగ్రీ స్థాయి ఇంటిగ్రేషన్ వచ్చినవాళ్ళు చదివి అర్థం చేసుకోగలరు. శతాబ్దాల నుంచి పై వెంట పడ్డ మహామహులెవరికీ ఇది తట్టలేదు అంటే ఆశ్చర్యంగానే ఉంటది. పైగా దీన్ని వాడి, ముందున్న అంకెలేవీ కనుక్కోకుండానే బైనరీలో (0, 1 లతోనే రాసే పద్ధతిలో) పై కి సంబంధించిన ఏ అంకెనైనా డైరెక్ట్‌గా లెక్కెయ్యొచ్చు, 2010లో యాహూలో పనిచేసే ఒకాయన ఇలాంటి ఫార్ములాతోనే ఇరవై కోట్ల కోట్లో స్థానంలో ఉన్న బిట్ ఏంటో తేల్చాడు.

నేను చెప్పదలుచుకున్నది ఏంటంటే, ఈ ఫార్ములా నిజమేనా అని ప్రూఫ్ రాకముందు కూడా పెద్దగా డౌట్ పడక్కర్లేదు. అక్కడ వెయ్యి కోట్ల కేసులు చెక్ చేసినా నమ్మకం లేదు, ఇక్కడ ఒక్క కేసు చూసి నమ్మేయొచ్చు. ఎందుకు? కంప్యూటర్‌తో గణితం చెయ్యటం గురించి మనవాళ్ళు రాసే వాటిలో ఈ ప్రశ్న దాదాపు కనపడదు, "కంప్యూటర్ ఇన్ని కోట్ల సార్లు చెక్ చేసింది" అని రాసి వదిలేస్తారు. ఎన్నిసార్లు అన్నది అసలు విషయమే కాదు.

ప్లూఫ్ ఫార్ములాలో మనం పెట్టింది ఎంత? నాలుగైదు చిన్న నంబర్లు. అంత తక్కువ పెట్టి వందల అంకెలు అచ్చు గుద్దినట్టు సరిపోతే అది కాకతాళీయం అయ్యే ఛాన్స్ సున్నా అనే చెప్పొచ్చు, ఒకటి రెండు అంకెలకైతే ఏదో కుదిరింది అనుకోవచ్చు గానీ ఇంకో వంద అంకెలు పెంచినా, ఇంకో వెయ్యి పెంచినా సరిపోతూనే ఉంటే ఇంక కుదరటమేంటి. కాన్పూర్ ఊహ అలాంటిది కాదు. లెన్‌స్ట్రా, పొమెరన్స్ చెప్పిన ప్రకారం దాన్ని ఫెయిల్ చేసే నంబర్ మామూలుగా ఉండదు, ప్రత్యేకమైన లక్షణాలున్న ప్రైమ్‌లు బోలెడన్ని గుణిస్తే వచ్చే భారీ నంబర్ అయ్యుంటది. మరి వెయ్యి కోట్ల దగ్గర్లో ఉండే ఒక సాధారణ నంబర్‌కి ఎన్ని వేరు వేరు ప్రైమ్ కారణాంకాలు ఉంటాయి? హార్డీ, రామానుజన్ 1917లోనే చెప్పారు, సుమారుగా లాగ్ (నేచురల్ లాగ్, క్యాలిక్యులేటర్‌లో ln) కి మళ్ళీ లాగ్ తీస్తే ఎంతో అంత అని. వెయ్యి కోట్లకి అది మూడు చిల్లర. ఒకటి పక్కన వంద సున్నాలు పెట్టినా అయిదున్నర దాటదు. అంటే కంప్యూటర్ వెయ్యి కోట్ల నంబర్లు తిరిగొచ్చినా దొంగ దాక్కునే వీధిలోకి అసలు అడుగే పెట్టలేదు.

ఇలా దెబ్బతిన్న ఊహలు చరిత్రలో ఉన్నాయి. 1919లో పోల్యా, ఏ నంబర్ దాకా లెక్కేసినా బేసి సంఖ్యలో ప్రైమ్ కారణాంకాలు (ఒకే ప్రైమ్ రెండుసార్లు వస్తే రెండుగానే లెక్క) ఉన్నవాళ్ళే సగానికి తగ్గకుండా ఉంటారు అన్నాడు. చూసినంత మేర కరెక్టే. 1958లో హాసెల్‌గ్రోవ్ అది తప్పని నిరూపించాడు, 1980లో తనాకా మొట్టమొదట ఎక్కడ తప్పుతుందో కనిపెట్టాడు, 90 కోట్ల 61 లక్షల 50 వేల 257 దగ్గర. అప్పటిదాకా నిజం, అక్కడ అబద్ధం.

అయితే దీనికంటే నాకు బాగా నచ్చిన కథ రామానుజన్‌ది, అందులో మన వాల్తేరుకి కూడా వాటా ఉంది. ఒక నంబర్‌ని ఎన్ని రకాలుగా ముక్కలు చెయ్యొచ్చు అన్నది ఒక లెక్క. 4 అనుకోండి: 4, 3+1, 2+2, 2+1+1, 1+1+1+1, మొత్తం 5 రకాలు. దీన్ని పి(4) = 5 అంటారు. అప్పట్లో కంప్యూటర్లు ఎక్కడివి, మేజర్ మెక్‌మహన్ అని మిలిటరీలో చేసిన ఆయన పి(200) దాకా చేత్తో లెక్కేసి పట్టిక తయారు చేసాడు, ఆఖరి నంబర్‌కి 13 అంకెలు, 3972999029388. ఆ పట్టికని పి(0) = 1 తో మొదలుపెట్టి వరసకి అయిదు చొప్పున రాస్తే ఇలా ఉంటది:

1, 1, 2, 3, 5
7, 11, 15, 22, 30
42, 56, 77, 101, 135
176, 231, 297, 385, 490

చివరి నిలువు వరస చూడండి. 5, 30, 135, 490. అన్నీ 5 తో పోతున్నాయి. ఏడేసి రాస్తే ఒక నిలువు వరస మొత్తం 7 తో పోతుంది, పదకొండేసి రాస్తే 11 తో. రామానుజన్ ఆ పట్టిక చూసే దీన్ని పట్టుకున్నాడు. మనకి రామానుజన్ అనగానే నామగిరి అమ్మవారు కలలో చెప్పింది అన్న మాటే గుర్తొస్తుంది, అది ఎవరి నమ్మకం వాళ్ళది గానీ, ఈ ఒక్క విషయంలో మాత్రం పక్కాగా పట్టిక ముందేసుకుని చూసిన ఫలితం. చూసి ఊరుకోలేదు, 5 కీ 7 కీ 1919లో ప్రూఫ్ రాసాడు. అక్కడితో ఆగకుండా ఇంకో అడుగు ముందుకేసి, 5, 7, 11 మాత్రమే కాదు వాటి పవర్లు 25, 125, 49, 343 వీటన్నిటికీ ఇదే రూల్ నడుస్తది అన్నాడు: ఒక నంబర్‌ని 24 తో గుణించి 1 తీసేస్తే అది 343 తో పోయిందనుకోండి, ఆ నంబర్ తాలూకు పి కూడా 343 తో పోవాలి.

49 కి పట్టికలో నాలుగు కేసులు ఉన్నాయి, 47, 96, 145, 194. నాలుగూ కరెక్టే. మరి 343 కి? 24 తో గుణించి 1 తీస్తే 343 తో పోయే మొట్టమొదటి నంబర్ 243. పట్టికేమో 200 దగ్గర ఆగిపోయింది! అంటే ఆ ఊహకి ఒక్కటంటే ఒక్క పరీక్ష కూడా జరగలేదు. తర్వాత పంజాబ్‌లో హన్స్‌రాజ్ గుప్తా ఆ పట్టికని 300 దాకా పెంచాడు. అప్పట్లో వాల్తేరులో ఆంధ్రా యూనివర్సిటీలో లెక్కలు చెప్తున్న సర్వదమన్ చావ్లా గుప్తా పట్టిక చూసి 1934లో ఒక చిన్న నోట్ రాసాడు. పి(243) అంటే 133978259344888, ఇది 49 తో పోతుంది గానీ 343 తో పోదు. రామానుజన్ ఊహ తప్పు. కావాలంటే ఫోన్‌లో క్యాలిక్యులేటర్ తీసి చూసుకోండి, 49 తో భాగిస్తే 2734250190712 వస్తుంది, దాన్ని మళ్ళీ 7 తో భాగిస్తే 5 మిగులుద్ది. ఆ తర్వాత 1938లో వాట్సన్ 7 కి ఉండాల్సిన సరైన రూల్ ఏంటో తేల్చి ప్రూవ్ చేసాడు, 11 కి ఆట్కిన్ 1967లో చేసాడు. ఊహ తప్పడం వల్ల నష్టమేం జరగలేదు, సరైన రూల్ బయటకొచ్చింది.

ఒక్కోసారి తప్పడమే అసలు విషయం చెప్తుంది. ఇందాక చెప్పిన పీటర్ బోర్వీన్ వాళ్ళ అన్న జోనథన్, వాళ్ళ నాన్న డేవిడ్ కలిసి 2001లో కొన్ని ఇంటిగ్రల్స్ గురించి రాసారు. సైన్ ఎక్స్ బై ఎక్స్ ని సున్నా నుంచి అనంతం దాకా ఇంటిగ్రేట్ చేస్తే పై బై 2 అని ఇంజినీరింగ్‌లో చదువుకున్నదే. దాన్ని ఎక్స్ బదులు ఎక్స్ బై 3 పెట్టిన అదే రకం దాంతో గుణించినా పై బై 2. 5 పెట్టి గుణించినా అంతే, 7, 9, 11, 13 దాకా అంతే. 15 పెట్టగానే పై బై 2 కంటే కొంచెం, అదీ పదకొండో దశాంశ స్థానంలో, తగ్గుద్ది. మొదట సాఫ్ట్‌వేర్‌లో బగ్ అనుకున్నారని చెప్పుకుంటారు. బగ్ కాదు. 3 నుంచి 13 దాకా బేసి నంబర్లలో ఒక్కోదానితో ఒకటిని భాగించి కలిపితే 0.955, ఒకటి లోపే. 15 వంతు కూడా కలిపితే 1.02, ఒకటి దాటింది. ఒకటి దాటేదాకే ఆ ప్యాటర్న్ బతుకుతది. ఏడు సార్లు కరెక్ట్ రావటానికి, ఎనిమిదోసారి రాకపోవటానికి కారణం ఒకటే, అది తెలిసాక ఇంక ఎన్ని చెక్ చేసారు అన్న ప్రశ్నే ఉండదు.

ఇప్పుడు ఏఐ వచ్చింది కదా, ఇదంతా పాత గొడవ అనొచ్చు. నాకైతే అలా అనిపించట్లేదు. 2022లో యాంగ్ హుయి హే, క్యు హ్వాన్ లీ, థామస్ ఆలివర్, వాళ్ళతో అప్పటికి డిగ్రీ చదువుతున్న అలెక్సీ పొజ్ద్‌న్యాకోవ్ కలిసి ఎలిప్టిక్ కర్వ్‌ల (ఒక రకం సమీకరణాలతో వచ్చే వక్రరేఖల) డేటాని మెషీన్ లెర్నింగ్‌తో చూస్తున్నారు. మెషీన్ కర్వ్‌లని కరెక్ట్‌గా విడగొడుతోంది గానీ ఎలా విడగొడుతుందో చెప్పదు కదా. అలెక్సీ సగటులు తీసి గ్రాఫ్ గీస్తే అలలు అలలుగా పైకీ కిందకీ ఊగే ఆకారం కనపడింది, సాయంత్రం పూట పక్షుల గుంపు ఆకాశంలో తిరిగినట్టు. పక్షులు అలా గుంపుగా తిరగటాన్ని ఇంగ్లీషులో మర్మరేషన్ అంటారు, అందుకే దానికి మర్మరేషన్స్ అని పేరు పెట్టారు. తర్వాత నీనా జుబ్రిలినా మాడ్యులర్ ఫామ్స్ (ఎలిప్టిక్ కర్వ్‌లతో దగ్గరి సంబంధం ఉన్న ఫంక్షన్లు) విషయంలో దీనికి ప్రూఫ్ ఇచ్చింది. ఇందులో మెషీన్ చేసిన పని ఎంతో తీసిపారేయలేం గానీ, గ్రాఫ్ గీసి చూడాలనిపించింది మాత్రం మనిషికి. వార్తల్లో ఏమో "ఏఐ గణితాన్ని జయించింది" టైపు హెడ్డింగులు. నా లెక్కలో కంప్యూటర్ ఇక్కడ ఒక పెద్ద మెక్‌మహన్, పట్టిక ఇస్తుంది, అది కూడా 200 దగ్గర ఆగదు. ఆ పట్టిక ఏ ఊహని పరీక్షిస్తోంది, దేన్ని అసలు ముట్టుకోవట్లేదు అన్నది మనమే చూసుకోవాలి.

ఆ చూసుకోవడం మనం నేర్పట్లేదు, నా గోల అంతా అదే. ఇంటర్‌లో ఫిజిక్స్‌కి ల్యాబ్, కెమిస్ట్రీకి ల్యాబ్, మ్యాథ్స్‌కి మాత్రం గైడు. తెలంగాణ ఈఏపీసెట్‌లో 180 నిమిషాల్లో 160 ప్రశ్నలు, దానికి తయారయ్యే పిల్లాడిని పట్టిక రాసుకుని ఏం కనపడుతుందో చూడు అంటే వాడు మనల్ని పిచ్చోళ్ళలా చూస్తాడు, వాడి తప్పు కూడా కాదు. కానీ వాళ్ళ జేబులో ఉన్న ఫోన్‌లో పైథాన్ నడుస్తుంది. పి పట్టిక తయారు చెయ్యడానికి ఆరేడు లైన్లు చాలు: మొదట 1, పక్కన అన్నీ సున్నాలు ఉన్న లిస్ట్ పెట్టుకోండి, 1 తో మొదలుపెట్టి ఒక్కో నంబర్ తీసుకుంటూ, లిస్ట్‌లో ప్రతి స్థానానికీ, ఆ తీసుకున్న నంబర్ ఎంతో అన్ని స్థానాలు వెనక ఉన్న విలువ కలుపుకుంటూ పోండి, అయిపోయాక లిస్ట్ మొత్తం పి విలువలే. మెక్‌మహన్ కష్టం అంతా కన్ను మూసి తెరిచేలోగా వచ్చేస్తుంది.

వచ్చాక 13 కి ట్రై చెయ్యండి. పదమూడేసి రాస్తే 5, 7, 11 కి వచ్చినట్టు నిలువు వరస ఏదీ రాదు, అలాంటి సింపుల్ రూల్ ఆ మూడింటికే ఉందని 2003లో ఆల్‌గ్రెన్, బోయ్‌లన్ ప్రూవ్ చేసారు. అలాగని 13 కి అసలేమీ లేదా అంటే ఉంది. 1960ల్లో ఆట్కిన్ కంప్యూటర్‌తో పట్టుకున్నాడు: 237 దగ్గర మొదలుపెట్టి 17303 చొప్పున దూకుతూ పోతే ప్రతి చోటా పి విలువ 13 తో పోతుంది. కంటితో చూసి ఇది పట్టేవాళ్ళు పుట్టరు. 2000లో కెన్ ఓనో 5 తో మొదలుపెట్టి ప్రతి ప్రైమ్‌కీ ఇలాంటివి లెక్కలేనన్ని ఉన్నాయని నిరూపించాడు. ఫోన్‌లో పి(237) వెంటనే వచ్చేస్తుంది, తర్వాతది పి(17540), దానికి పూర్తి విలువ అక్కర్లేదు, కలిపిన ప్రతిసారీ 13 తో భాగించి శేషం మాత్రం ఉంచుకుంటే కొంచెం టైం తీసుకున్నా వచ్చేస్తుంది.