కరెంటు బిల్లు కట్టొద్దన్న మహానుభావుడికి

ఈ వారం అదే మెసేజ్ నాకు నాలుగుసార్లు వచ్చింది. అపార్ట్‌మెంట్ గ్రూపులో రెండుసార్లు, మా పెదనాన్న నుంచి రెండుసార్లు. "కరెంటు బిల్లు ఎక్కువొచ్చిందా? కట్టకండి! సుప్రీంకోర్టే చెప్పింది!" కింద అయిదు పాయింట్లు, చివర "పది మందికి పంపండి".

మీటరు పక్కన అయస్కాంతం పెడితే యూనిట్లు తగ్గుతాయట. మీటర్లో తిరిగే చక్రం పోయి చాలా ఏళ్లయింది, నాయనా. పట్టుబడితే విద్యుత్ చట్టం సెక్షన్ 135, అంటే కరెంటు దొంగతనం, మూడేళ్ల దాకా జైలు. ఇక రెండోది.

బిల్లులో సర్దుబాటు చార్జీ (కరెంటు కొనుగోలు ఖర్చు పెరిగితే తర్వాత వసూలు చేసేది) ఉన్న గీతని పెన్నుతో కొట్టేసి మిగతాది కట్టాలట. రేట్ల మీద కోపముంటే దానికి విద్యుత్ నియంత్రణ మండలి ఉంది, ఆపైన ఢిల్లీలో అప్పిలేట్ ట్రిబ్యునల్ ఉంది. మీరు కొట్టేసిన మొత్తం వచ్చే నెల బకాయి గడిలో కూర్చుంటుంది, అంతే.

రెండేళ్లు దాటిన బాకీ మాఫీ అట. విద్యుత్ చట్టం 2003లో రెండేళ్ల గడువు పెట్టే సెక్షన్ 56(2) ఉన్న మాట నిజం. కాకపోతే రాసినాయన వాక్యాన్ని సగంలో కోసేశాడు. బాకీని బిల్లుల్లో వరుసగా చూపిస్తూ వస్తే ఆ గడువు పనిచేయదు. ఇక ఆయన ఊపుతున్న 2020 నాటి సుప్రీంకోర్టు తీర్పు, అజ్మీర్ డిస్కం (కరెంటు పంపిణీ సంస్థ) కేసుది: పొరపాటు బయటపడ్డాక డిస్కం అదనపు బిల్లు ఇవ్వొచ్చు, దాని కోసం కరెంటు మాత్రం కోయకూడదు అంది. మాఫీ అన్న మాట అందులో ఎక్కడా లేదు. 2021లో తేలిన ఇంకో కేసులో, మీటరు రీడింగుని హెచ్చించే గుణకం 10 బదులు 5 వేసి ఏళ్ల తరబడి సగం బిల్లే ఇచ్చారు. తప్పు డిస్కందే అయినా వినియోగదారుడు గెలవలేదు. దీన్నెందుకు ఫార్వర్డ్ చేయరో!

అసలు కొంప ముంచేది నాలుగోది: "కేసు వేశానని చెప్పండి, ఫ్యూజు పీకలేరు." లైన్‌మన్‌కి మీ కేసుతో పనేంటండీ? ఆయన చేతిలో జాబితా ఉంటుంది, అందులో మీ సర్వీసు నంబరు ఉంటుంది, నిచ్చెన ఎక్కుతాడు. చట్టం నిజంగా ఇచ్చిన దారి 56(1)లో ఉంది, మెసేజ్‌లో లేదు. అడిగిన మొత్తం గానీ, గడిచిన ఆరు నెలల సగటు లెక్కన వచ్చేది గానీ, రెంటిలో ఏది తక్కువైతే అది "అభ్యంతరంతో కడుతున్నాను" అని రాసిచ్చి కట్టాలి. అప్పుడు వివాదం తేలేదాకా కరెంటు తీయకూడదు. అంటే నెలకు తొమ్మిది వందలు కట్టేవాళ్లకి పదకొండు వేలు వస్తే, ఆ తొమ్మిది వందలు కట్టి నిలబడొచ్చు. కట్టకుండా మీసం మెలేస్తే చీకట్లో మెలేసుకోవాలి.

మా పిన్ని చేసిందదే. ఎప్పుడూ 180 యూనిట్లు వచ్చే ఇంటికి 1,180 వచ్చాయి. కట్టనంది. ఫ్యూజు పీకారు. ఫ్రిజ్‌లో ఇడ్లీ పిండి పొంగి గిన్నె దాటాక నాకు ఫోన్ చేసింది. వెళ్లి బిల్లు చీటీ చూశాను: పాత రీడింగు 4312, కొత్తది 5492. మీటర్లో 4492 దాటి కొంచెం, అంతే. నాలుగుని అయిదు కొట్టారు. మీటరు ఫొటో, పాత బిల్లులు పట్టుకుని ఆఫీసుకి వెళితే రెండో రోజుకి సరిచేశారు. తిరిగి కనెక్షన్ ఇచ్చిన చార్జీ మాత్రం పిన్నే కట్టింది.

అయిదోది: "డిస్కం ఫోరానికి వెళ్లొద్దు, అది వాళ్లదే. ఏదైనా వినియోగదారుల కోర్టులోనే వేయండి." మొదటి ముక్క ఒప్పుకుంటాను, నాకిష్టం లేకపోయినా. వినియోగదారుల ఫిర్యాదులు వినే ఆ ఫోరాన్ని పెట్టేది డిస్కమే, అధ్యక్షుడు కూడా వాళ్ల అధికారే అయితే అనుమానం రాకుండా ఎలా ఉంటుంది? కానీ అక్కడ ఓడితే విద్యుత్ అంబుడ్స్‌మన్ ఉన్నారు. ఆయన్ని నియమించేది మండలి, డిస్కం కాదు. రెండో ముక్క మాత్రం ప్రమాదం. అక్రమ వాడకమంటూ సెక్షన్ 126 కింద లెక్కగట్టిన బిల్లుకి వినియోగదారుల కోర్టు దారి లేదని 2013లోనే సుప్రీంకోర్టు తేల్చింది. దాని మీద అప్పీలు సెక్షన్ 127 కింద, ముప్పై రోజుల్లో, సగం డబ్బు కట్టి. కోర్టు మెట్లెక్కి దిగేలోపు ఆ ముప్పై రోజులూ అయిపోతాయి.

అన్నట్టు, నాకు రెండుసార్లు పంపిన పెదనాన్న తన బిల్లు గడువుకి నాలుగు రోజుల ముందే ఫోన్‌పేలో కట్టేశారు. పెద్దమ్మని అడిగి కనుక్కున్నా.