మలుపు దాటకముందే చెప్పాల్సిన కథ

గ్రేట్ ఓషన్ రోడ్డు మీద మేం అవతలి కొస నుంచి బయల్దేరాం. ఆస్ట్రేలియాలోని విక్టోరియా రాష్ట్రంలో సముద్రం అంచు పట్టుకుని 243 కిలోమీటర్లు సాగే రోడ్డు అది. మెల్‌బోర్న్ నుంచి వచ్చేవాళ్లు టార్కీ దగ్గర మొదలుపెట్టి పడమటికి వెళ్తారు. మేం ముందురోజు రాత్రి వార్నంబూల్‌లో దిగాం కాబట్టి పొద్దున్నే తూర్పుకు తిరిగాం. ఫోన్‌లో డబ్బు కట్టి దించుకున్న ఆడియో టూర్ ఉంది. కారు ఎక్కడుందో జీపీఎస్‌తో కనిపెట్టి, ఆ చోటికి సంబంధించిన కథను దానంతటదే వినిపించే రకం. ఆన్ చేసి పక్కన పెట్టేస్తే చాలు, మళ్లీ ముట్టుకోనక్కర్లేదని రాసి ఉంది.

మొదటి కథే “ఇందాక చూశాం కదా, ఇవీ అలాంటి రాళ్లే” అని మొదలైంది. అప్పటికి మేమింకా ఏ రాళ్లూ చూడలేదు. కాసేపటికి లండన్ ఆర్చ్ వచ్చింది. బోర్డు కనిపించింది, కానీ ఫోన్ పలకలేదు. సరే, ఇది అంత ముఖ్యం కాదేమో అనుకుని ముందుకు పోయాం. కిలోమీటరు దాటాక అప్పుడు మొదలైంది కథ. ఒకప్పుడు అది రెండు ఆర్చీలతో ఒడ్డును అంటుకుని ఉన్న రాతి వంతెన. లండన్ బ్రిడ్జి అని పిలిచేవారు. 1990 జనవరిలో ఇద్దరు మనుషులు దాని మీద నడుచుకుంటూ చివరిదాకా వెళ్లారు. వాళ్ల వెనకున్న ఆర్చి ఉన్నట్టుండి సముద్రంలో కూలిపోయింది. ఒడ్డుకు దారి లేక ఆ దిబ్బ మీదే ఉండిపోయిన ఇద్దరినీ హెలికాప్టర్ వచ్చి తీసుకెళ్లింది. ఎవరికీ దెబ్బ తగల్లేదు. ఇదంతా వింటున్నప్పుడు ఆ రాయి మా వీపు వెనక ఉంది. కారు తిప్పడానికి చోటు వెతుక్కుని, వెనక్కి వెళ్లి చూశాం.

కథ బాగుంది, చెప్పిన గొంతూ బాగుంది. చెడింది సమయం ఒక్కటే. డ్రైవింగ్ ఆడియో టూర్‌లో మనం డబ్బు పెట్టి కొనేది ఆ సమయాన్నే అని నాకు అక్కడే అర్థమైంది. సమాచారం పుస్తకంలోనూ ఉంటుంది, ఇంటర్నెట్‌లోనూ ఉంటుంది. కళ్లకు ఆ కొండ కనబడే ముందు క్షణంలో, చేతులు స్టీరింగ్ మీద ఉండగా చెవిలో పడే మాట మాత్రం ఇంకెక్కడా దొరకదు. అందుకే ఎన్ని గంటల ఆడియో ఉంది, ఎన్ని స్టాపులు ఉన్నాయి అని లెక్క చూసి టూర్ ఎంచుకోవడం సరైన పద్ధతి కాదని నా అభిప్రాయం. ఎక్కడ నోరు విప్పుతుంది, ఎక్కడ మూసుకుంటుంది అన్నదే చూడాలి.

ఇందులో ఉన్న చిక్కు చిన్నదేం కాదు. గంటకు 60 కిలోమీటర్ల వేగంతో వెళ్లే కారు నిమిషానికి ఒక కిలోమీటరు నడుస్తుంది. నిమిషంన్నర కథ చెప్పాలంటే చూడాల్సిన చోటుకు కిలోమీటరున్నర ముందే మొదలుపెట్టాలి. ముందు ఒక పెద్ద లారీ అడ్డుపడి మన వేగం 30కి పడిపోయిందనుకోండి, ఇంకా 750 మీటర్లు ఉండగానే కథ అయిపోతుంది. రోడ్డు ఖాళీగా ఉండి 80లో వెళ్తే కథ ఇంకా పావు వంతు మిగిలి ఉండగానే ఆ చోటు దాటిపోతుంది. టూర్ తయారుచేసేవాళ్లు మ్యాప్ మీద పెట్టే ఈ గుర్తును ట్రిగ్గర్ పాయింట్ అంటారు. కారు ఆ గుర్తు చుట్టూ గీసిన వలయంలోకి రాగానే ఆడియో మొదలవుతుంది. కారు ఏ దిక్కు నుంచి వస్తోందో కూడా చూసి పలికేలా చేయొచ్చు. మా టూర్‌లో ఆ పని చేయలేదు. పడమటికి వెళ్లేవాళ్లకు ముందుగా తగిలే గుర్తు, తూర్పుకు వెళ్తున్న మాకు దాటిపోయాక తగిలింది. రెండు దిక్కులకూ వేర్వేరు గుర్తులు పెట్టి, కొన్ని కథలను రెండు రకాలుగా రికార్డు చేయాలంటే పని దాదాపు రెట్టింపవుతుంది. ఆ కష్టం పడినవాళ్ల టూర్ పది నిమిషాల్లో తెలిసిపోతుంది.

రాసే తీరు కూడా ఇక్కడే తేలుతుంది. చెవికి రాసేవాళ్లు ముందు “ఎడమ పక్కన చూడండి, తెల్లటి కొండ” అని చెప్పి, తర్వాత దాని కథలోకి వెళ్తారు. పుస్తకానికి రాసినట్టు రాసేవాళ్లు ఏ సంవత్సరంలో ఎవరు కనుక్కున్నారో అంతా చెప్పి, చివర్లో ఎటు చూడాలో చెప్తారు. అప్పటికి కొండ పోయి అడవి వచ్చేసి ఉంటుంది.

గొంతుతో దారి చూపించడం కొత్తేమీ కాదు. 1952లో ఆమ్‌స్టర్‌డామ్‌లోని స్టెడెలిక్ మ్యూజియంలో చెవికి రేడియో పెట్టుకుని బొమ్మల గురించి వినే ఏర్పాటు చేశారు. అందరికీ ఒకే ప్రసారం, ఒకే సమయంలో. కాబట్టి గదిలో ఉన్నవాళ్లంతా ఒకేసారి ఒక బొమ్మ నుంచి ఇంకో బొమ్మకు జరిగేవారు. కార్లలోకి క్యాసెట్లు వచ్చాక రోడ్డు కథలూ వచ్చాయి, కానీ ఫలానా చోట ఆపండి, మళ్లీ ఫలానా చోట ప్లే నొక్కండి అని చెప్పాల్సి వచ్చేది. అమెరికా ప్రభుత్వం 2000 మే నెలలో, పౌరులు వాడే జీపీఎస్ సిగ్నల్‌లో కావాలని పెట్టిన తప్పును తీసేసింది. అంతవరకూ వంద మీటర్ల దాకా ఉండే తేడా ఒక్కసారిగా పదీ ఇరవై మీటర్లకు తగ్గింది. ఫోన్ తనంతట తాను సరైన చోట పలకడం సాధ్యమైంది దాని వల్లే.

వీటన్నిటికీ ముందు, మనిషి ఉన్నాడు. అమెరికా అంతర్యుద్ధంలో 1863 జులై 1 నుంచి 3 దాకా పెద్ద పోరు జరిగిన గెటిస్‌బర్గ్‌లో 1915 నుంచీ లైసెన్సు ఉన్న గైడ్లు ఉన్నారు. వాళ్లు మన కారులోనే ఎక్కి కూర్చుంటారు. మూడు రోజుల యుద్ధాన్ని జరిగిన వరుసలోనే చూపిస్తారు. ఆ గైడు మన ముఖం చూసి విసుగొచ్చిందో లేదో కనిపెట్టగలడు, పిల్లలు అడిగిన ప్రశ్నకు జవాబు చెప్పగలడు, మలుపు ఇరుగ్గా ఉంటే మాట ఆపేయగలడు. ఫోన్‌కు ఈ మూడూ రావు. మొదటి రెండింటికీ ఇప్పుడు ఏఐతో జవాబు వెతుకుతున్నారు. అడిగినదానికల్లా అక్కడికక్కడే ఏదో ఒకటి అల్లి చెప్పే గొంతు అంటే నాకు భయమే. కొండల మధ్య సిగ్నల్ లేని చోట అది తప్పు చెప్తే సరిచూసుకునే దారి కూడా ఉండదు. మనిషి వెళ్లి, తిరిగి, స్థానికులను అడిగి రాసుకొచ్చిన నాలుగు మాటలకే నేను ఎక్కువ విలువిస్తాను.

మూడోది, అంటే మలుపులో మాట ఆపడం, ప్రాణాలతో ముడిపడ్డ విషయం. 2013లో యూటా విశ్వవిద్యాలయంలో డేవిడ్ స్ట్రేయర్ బృందం డ్రైవర్ల ధ్యాస ఎంత చెదురుతుందో రకరకాల పనులతో కొలిచి చూసింది. రేడియో వింటే కొద్దిగానే చెదిరింది. ఆడియో పుస్తకం వింటే ఇంకొంచెం పెరిగింది. ఫోన్‌లో మాట్లాడితే అంతకన్నా ఎక్కువ, నోటితో మెసేజ్‌లు చెప్పి పంపించే పనిలో మరీ ఎక్కువ. ఆ లెక్కన కథ వింటూ నడపడం ఫోన్‌లో మాట్లాడుతూ నడపడం కన్నా నయమే. కానీ పక్క సీట్లో ఉన్న మనిషికి రోడ్డు కనిపిస్తుంది, కాబట్టి ఎదురుగా బస్సు వస్తుంటే తనకు తానే నోరు మూసుకుంటాడు. ఆడియోకు రోడ్డు కనిపించదు. ఆ రోడ్డును ముందే చూసి వచ్చిన రచయితే దాని తరఫున మౌనాన్ని రాసిపెట్టాలి.

హవాయిలోని మావీ దీవిలో హానా హైవే మీద ఆరు వందలకు పైగా మలుపులు, యాభైకి పైగా వంతెనలు ఉన్నాయి. వంతెనల్లో చాలావాటి మీద ఒకసారి ఒక కారే పడుతుంది. అవతలి నుంచి ఎవరైనా వస్తున్నారా అని చూసి, ఆగి, దారి ఇచ్చి వెళ్లాలి. అలాంటి వంతెన ముందు చెవిలో అగ్నిపర్వతం పుట్టుక గురించి చెప్తుంటే ఆ టెన్షన్‌లో ఎక్కేది ఏముంటుంది? ఖాళీ వచ్చిన ప్రతిచోటా సంగీతం నింపే అలవాటు కూడా నాకు నచ్చదు. కిటికీ దించితే వినిపించే గాలి, నీళ్ల చప్పుడు ఆ చోటువే. వాటి మీద ఇంకేదో పరచడం ఎందుకు?

ఇంతకీ నేను ఈ టూర్లను గట్టిగా ఇష్టపడటానికి కారణం డ్రైవర్. ఏ ప్రయాణంలోనైనా అందరికన్నా తక్కువ చూసేది, తక్కువ తెలుసుకునేది బండి నడిపేవాళ్లే. పక్కనున్నవాళ్లు పుస్తకం చదువుతారు, ఫొటోలు తీస్తారు, వెనక సీట్లో నిద్రపోతారు. నడిపేవాళ్లకు మిగిలేది తెల్లగీత. రాబోయేదేమిటో ముందే తెలిస్తే డ్రైవర్ కంగారుగా తల తిప్పి చూడాల్సిన అవసరం ఉండదు, ఇంకో రెండు నిమిషాల్లో ఆపుకునే చోటు ఉందని తెలుస్తుంది. మా కారులో ఆ రోజు నడిపింది నా భార్య. ఎక్కడ ఆగాలో మొదటిసారి ఆమే నిర్ణయించింది. పాతికేళ్లుగా ఆ నిర్ణయం మ్యాప్ పట్టుకున్న నాదిగానే ఉండేది.

ఆగే చోట్ల గురించి ఒక మాట. ఒకే యాప్ వేలమందికి ఒకే చోట ఆగమని చెప్తే ఆ చోటు ఏమవుతుందో హానా హైవే పక్కన కాపురముండేవాళ్లకు బాగా తెలుసు. జలపాతాల దగ్గర రోడ్డు మీదే కార్లు వదిలేసి వెళ్లడం, సొంత భూముల్లోంచి అడ్డంగా నడిచిపోవడం అక్కడ పెద్ద తలనొప్పి. “ఇక్కడ చోటు లేకపోతే ఆగొద్దు, ముందుకెళ్లండి” అని చెప్పే టూర్ ఆ ఊరి మీద గౌరవం ఉన్న టూర్.

ఎవరి కథ చెప్తున్నారన్నది ఇంకా లోతైన ప్రశ్న. అమెరికాలోని మోంటానా రాష్ట్రంలో, గ్లేసియర్ నేషనల్ పార్కు మధ్య నుంచి వెళ్లే గోయింగ్-టు-ద-సన్ రోడ్డు దాదాపు 80 కిలోమీటర్లు ఉంటుంది. కొండ కొట్టి ఆ రోడ్డు వేసిన కథ అద్భుతంగా ఉంటుంది, 1933లో దాన్ని ప్రారంభించారు. రెండు వేల మీటర్లు దాటిన ఎత్తులో లోగన్ పాస్ వస్తుంది. వాన నీరు ఒక పక్క పసిఫిక్ వైపు, ఇంకో పక్క కెనడాలోని హడ్సన్ బే వైపు విడిపోయే గీత అది. ఇవన్నీ చెప్పాల్సినవే. కానీ ఆ గీతకు తూర్పు పక్క కొండలు బ్లాక్‌ఫీట్ తెగవి. 1895లో జరిగిన ఒప్పందంలో 15 లక్షల డాలర్లకు అవి అమెరికా ప్రభుత్వం చేతికి వెళ్లాయి. 1910లో పార్కు ఏర్పడింది. ఇంజనీర్ల పేర్లు చెప్పి ఈ సంగతి చెప్పని టూర్ సగం రోడ్డే చూపించినట్టు. అదే రోడ్డు మీద బ్లాక్‌ఫీట్ గైడ్లతో నడిచే బస్సు టూర్లున్నాయి. వాళ్ల గొంతులతోనే కార్లలో వినే కథలు ఇంకా రావాలని కోరుకుంటాను.

బయల్దేరేముందు చేసుకోవాల్సినవి కొన్నే. ముందు రాత్రే వైఫై ఉన్నచోట టూర్ మొత్తం దించుకోవాలి. జీపీఎస్ నేరుగా ఉపగ్రహాల నుంచి అందుతుంది కాబట్టి ఫోన్‌కు సిగ్నల్ లేకపోయినా పనిచేస్తుంది, కానీ ఆడియో ఫోన్‌లో లేకపోతే పలికేది ఏమీ ఉండదు. ఎండలో డ్యాష్‌బోర్డు మీద పెట్టిన ఫోన్ వేడెక్కి ఆగిపోతుంది. దారి చెప్పే మ్యాప్‌ను ఇంకో ఫోన్‌లో పెట్టుకుంటే రెండు గొంతులు ఒకదాని మీద ఒకటి పడవు. ఇక మేం నేర్చుకున్నది: ఏ దిక్కు నుంచి తయారుచేశారో కొనకముందే చూసుకోవాలి. గ్రేట్ ఓషన్ రోడ్డులో దీనికి ఇంకో కారణం కూడా ఉంది. అక్కడ ఎడమ వైపు నడపాలి. పడమటికి వెళ్తే సముద్రం మన వైపే ఉంటుంది, వ్యూ పాయింట్లలోకి నేరుగా తిరగొచ్చు. తూర్పుకు వెళ్తే ప్రతిసారీ ఎదురొచ్చే బళ్లను దాటుకుని తిరగాలి.

మా రోజు మొత్తం అలా తలకిందులుగానే నడిచింది. లాక్ ఆర్డ్ లోయ దగ్గర మాత్రం ముందే ఆగి, దిగి, కథను చేత్తో ప్లే చేసుకుని విన్నాం. 1878లో లాక్ ఆర్డ్ అనే ఓడ అక్కడ మునిగితే 54 మందిలో ఇద్దరే బతికారు. ఆ ఇద్దరూ కొట్టుకొచ్చిన ఇసుక ఒడ్డు మీద నిలబడి వినడం వేరే అనుభవం.

సాయంత్రానికి ఈస్టర్న్ వ్యూ అనే చోట రోడ్డుకు అడ్డంగా కట్టిన కలప తోరణం కింద నుంచి వెళ్లాం. దాటాక, అలవాటు ప్రకారం, గొంతు పలికింది. టూర్ తయారుచేసినవాళ్లు మొదట్లోనే చెప్పాలనుకున్న కథ మాకు ఆఖర్లో వచ్చింది. మొదటి ప్రపంచ యుద్ధం నుంచి తిరిగొచ్చిన సుమారు 3,000 మంది సైనికులు, 1919 నుంచి 1932 దాకా, ఎక్కువగా గునపాలతో పారలతో ఈ రోడ్డు తవ్వారు. యుద్ధంలో చనిపోయిన తోటివాళ్ల జ్ఞాపకంగా తవ్వారు. రోజంతా ఆ మలుపులు తిప్పి తిప్పి నా భార్య భుజాలు నొప్పెడుతున్నాయి. ఆమె ఏమీ అనలేదు. వెనక్కి తిప్పి, తోరణం పక్కన కారు ఆపింది. అక్కడ పనిముట్లు పట్టుకున్న ఇద్దరు కూలీల కంచు విగ్రహాలున్నాయి. వెళ్లి వాటిలో ఒకదాని చేతి మీద చెయ్యి వేసి కాసేపు నిలబడింది. ఫోన్‌లో తర్వాతి కథ మొదలవబోతుంటే నేను ఆపేశాను.