ఆ మధ్యలో ఉన్నదే చైతన్యం

నాదజ్యోతి తత్వం నెల్లూరులో ఒక మైకు సెట్ల దుకాణంలో పుట్టిందని కొందరు నవ్వుతున్నారు. వారి నోళ్లు మూయించడానికే ఈ వ్యాసం. పాటకూ వెలుగుకూ ఒకే స్విచ్చు బోర్డు మీద ప్రాణం పోసి, తెల్లవారుజాము ముహూర్తానికి పెళ్లికొడుకును సైతం మేలుకొలిపిన మనిషి ఇరవై ఏళ్లకైనా తత్వవేత్త కాకపోతే ఇంకెవరవుతారు? మా గురువుగారు అలా అయినవారే. పేరు చెప్పను. పేరు మనిషిని పరిమితం చేస్తుందని వారి అభిప్రాయం. రసీదు మీద కూడా ఉండదు.

సంగీతం, వెలుగు, చైతన్యం మూడూ ఒకటే, వేరుగా తోచడం మన సాధనలో లోపం. తత్వమంతా ఇంతే. ఆ లోపం సరిచేసే శిబిరానికి రుసుము 4,320 రూపాయలు. ఈ అంకె ఊరికే ఊడిపడలేదు. విశ్వం 432 హెర్ట్జ్ దగ్గర మోగుతోందట, కలియుగమేమో 4,32,000 సంవత్సరాలు. సున్నాలు ఎన్ని చేరినా సత్యం మారదు కాబట్టి రుసుము దగ్గర ఒక్క సున్నాతో ఆగిపోయారు. అది వారి దయ. హెర్ట్జ్ అంటే సెకనుకు ఇన్ని కంపనాలని లెక్క కదా, మన పెద్దలు కాలాన్ని కొలిచింది ఘడియల్లో కదా, ఘడియకు 24 నిమిషాల చొప్పున విశ్వం 6,22,080 సార్లు మోగాలి కదా అని ఒక లెక్కల మాస్టారు అడిగారు. గురువుగారు కళ్లు మూసుకున్నారు. కర్ణాటక సంగీతంలో షడ్జమానికి, అంటే 'స'కు, ఇన్ని కంపనాలన్న కట్టుబాటే లేదు, ఎవరి గొంతుకు తగ్గట్టు వారు హార్మోనియం మెట్లలో ఒకటిన్నరకో ఐదుకో శ్రుతి పెట్టుకుంటారు అని సంగీతం పాఠాలు చెప్పే ఒక అమ్మగారు అన్నారు. గురువుగారు మూసిన కళ్లు తెరవలేదు.

ఈ తత్వం కల్పితమనేవారు చరిత్ర చదవాలి. రష్యా స్వరకర్త స్క్రియాబిన్ 1910లో పూర్తిచేసిన రచనలో వాద్యాలతో పాటు రంగుల వెలుగుకూ ఒక కీబోర్డు కేటాయించాడు. హిమాలయాల పాదాల చెంత ఏడు రోజుల సంగీతోత్సవం జరిపి, దాని చివర లోకానికే కొత్త జన్మ ఇప్పించాలనుకున్నాడు. 1915లో పెదవి మీద లేచిన పుండు విషమించి పోయాడు. లోకం పాతదే మిగిలింది. మా గురువుగారు హిమాలయాల దాకా వెళ్లలేదు, మైపాడు దగ్గర సముద్రం ఒడ్డున స్థలం అద్దెకు తీసుకున్నారు. వారికి ఆచరణ జ్ఞానం ఎక్కువ.

ఇక లెక్క. 432 హెర్ట్జ్ దగ్గర పెట్టిన షడ్జమాన్ని, స్థాయికోసారి కంపనాలు రెట్టింపు చేస్తూ, నలభై స్థాయిలు పైకి తీసుకెళితే అది ఎర్రని వెలుగవుతుందని వారి సిద్ధాంతం. అంకెల వరకు ఇది నిజం, నేను కాగితం మీద వేసి చూశాను. తారస్థాయి షడ్జమం అందుకోవడానికే మెడ నరాలు ఉబ్బే మనుషులం, నలభై స్థాయిలు ఎలా ఎక్కాలన్నది రెండో విడత శిబిరంలో చెబుతారట. శబ్దం నడవాలంటే గాలో నీరో ఏదో ఒకటి కదలాలని, వెలుగుకు ఏదీ అక్కర్లేదని బడిలో చదువుకున్నది గుర్తొచ్చి ఒక రాత్రి నిద్ర పట్టలేదు. రుసుము కట్టి ఉన్నాను గనుక మర్నాటికి సర్దుకుంది.

స్వరాల రంగుల విషయంలో మాత్రం గురువుగారిది స్వతంత్ర మార్గం. పదమూడో శతాబ్దంలో శార్ఙ్గదేవుడు ఏడు స్వరాలకూ రంగులు చెప్పాడు. గాంధారం బంగారు వన్నె, మధ్యమం మల్లెపూల తెలుపు, పంచమం నలుపు. 1704లో న్యూటన్ ఇంద్రధనుస్సులోని ఏడు రంగులను స్వరాల అంతరాలతో జతకలిపాడు. ఒకరి జాబితా మరొకరికి కుదరదు. గురువుగారు ఇద్దరినీ గౌరవించి పంచమానికి ఆకుపచ్చ ఇచ్చారు. నల్లగా వెలిగే బల్బు దుకాణంలో లేదు.

శిబిరానికి సూళ్లూరుపేట నుంచి ఒక పెద్దాయన వచ్చారు. ఆయన సందేహం ఇది. "మా మిద్దె మీద నిలబడితే శ్రీహరికోట షార్‌లో రాకెట్ వదలడం కనిపిస్తుంది స్వామీ. ముందు ఆకాశం ఎర్రబడుతుంది. నేను ఇంట్లోవాళ్లను కేకేసి పిలిచి, వాళ్లు మెట్లెక్కి వచ్చాక గానీ కిటికీలు అదరవు. నాదమూ వెలుగూ ఒకటే అయితే కలిసి రావాలి కదా?"

గురువుగారు చాలాసేపు మౌనంగా ఉండి, "ఆ మధ్యలో ఉన్నదే చైతన్యం" అన్నారు.

మా అందరికీ ఒళ్లు గగుర్పొడిచింది. పెద్దాయన కాసేపు ఆలోచించి, "మేము దాన్ని ఇరవై కిలోమీటర్లు అనుకుంటున్నాం" అన్నారు.

ఆ రాత్రే కరెంటు పోయింది. తంబూరా పెట్టె ఆగింది, ఏడు రంగులూ ఆరిపోయాయి. పక్కనే జనరేటర్ ఉంది, వేస్తారేమో అనుకున్నాం. డీజిల్ కన్నా మౌనం చవకని గ్రహించినవారై గురువుగారు "ఇదే మహామౌనం, అనుభవించండి" అన్నారు. అనుభవిస్తున్నాం. దోమలూ అనుభవిస్తున్నాయి. సాయంత్రం నుంచి పక్క రొయ్యల గుంటల్లో నీటికి గాలి అందించే ఏరియేటర్లు చేస్తున్న హోరు కూడా ఆగిందని అప్పుడు తెలిసింది.

గట్టు మీద కాపలా గుడిసెలో ఒక మనిషి పడుకుని ఉన్నాడు. రెండు గంటలు మా మైకు మోగినా, రంగుల వెలుగు మొహం మీద తిరిగినా పక్కకు ఒత్తిగిలని మనిషి, ఏమీ మోగకపోవడం విని ఒక్క ఉదుటున లేచాడు. రాత్రి పూట ఏరియేటర్లు ఆగితే నీటిలో ఆక్సిజన్ ఎంతసేపు నిలుస్తుందో ఆ ఒంటికి తెలుసు. టార్చి పట్టుకుని పరుగెత్తాడు. అతని జనరేటర్ నాలుగుసార్లు దగ్గి ఊరుకుంది. మా వైపు వచ్చాడు.

"సామీ, మూడు నెలల పంట. మీ జనరేటర్ ఒక్క గంట ఇప్పించండి."

గురువుగారు కళ్లు తెరిచారు. తడుముకోలేదు, మౌనం పాటించలేదు.

"గంటకు ఎనిమిది వందలు. డీజిల్ మీదే."

బురద గట్టు మీద దాన్ని తోసుకెళ్లినవాళ్లలో నేనూ ఉన్నాను. పంచమం బల్బు ఇంకా దానికి వేలాడుతూనే ఉంది. ఏరియేటర్లు తిరగడం మొదలయ్యాక అతను నీటి అంచున గొంతుకూర్చుని, రొయ్యలు పైకి తేలాయేమోనని టార్చి వేసి గుంటంతా వెతికాడు. మేమూ వంగి చూశాం. శిబిరంలో ఈ పాఠం లేదు గనుక దీనికి విడిగా రుసుము తీసుకోలేదు.