చిలికా డాల్ఫిన్లకు నటన రాదు

పిల్లలను పక్కన కూర్చోబెట్టుకుని కన్నీరు పెట్టుకోవడానికి డాల్ఫిన్‌ను మించిన జీవి లేదని ఒడిశాలోని మా గంజాం జిల్లా తెలుగు కుటుంబాలు ఏకగ్రీవంగా తీర్మానించినట్టు కనిపిస్తోంది. 2005లో ఫ్లోరిడా తీరాన పీతల బోను తాడుకు చిక్కి తోక పోగొట్టుకున్న వింటర్ అనే పిల్ల డాల్ఫిన్‌కు కృత్రిమ తోక అమర్చిన వైనాన్ని హాలీవుడ్ వారు 2011లో సినిమాగా తీయగా, ఆ పాత్రను వింటరే పోషించింది. తోక లేక చేపలా అటూ ఇటూ ఊగుతూ ఈదితే వెన్నెముక దెబ్బతింటుందన్న భయమూ, తొడుగు ఒరుసుకోకుండా తయారుచేసిన మెత్తని జెల్ తరువాత కాళ్లు పోయిన మనుషులకూ పనికివచ్చిందన్న మాటా కల్పితాలు కావు. అక్కడివారి శ్రద్ధను తప్పుపట్టడానికి ఏమీ లేదు.

తప్పంతా మన చిలికా సరస్సు డాల్ఫిన్లది. సుమారు 150 ఉన్న ఈ ఇరావదీ జాతిలో ఒక్కటైనా కుటుంబ చిత్రానికి తగిన అర్హత సంపాదించుకోలేదు. పొడుచుకువచ్చిన మూతి లేదు. గుండ్రని నుదురు, బూడిదరంగు ఒళ్లు, వీపు మీద పేరుకొక చిన్న రెక్క. గాలిలోకి ఎగిరి చప్పట్లు కొట్టించుకోవడం వాటికి పెద్దగా అలవాటు లేదు. ఊపిరి కోసం క్షణకాలం వీపు చూపించి మునిగిపోతాయి. బరంపురం నుంచి చిలికా ఒడ్డునున్న సాతపడా దాకా వెళ్లి, డబ్బులిచ్చి మోటారు పడవ ఎక్కిన సంసారులకు ఇంతకంటే అవమానం ఉంటుందా? అందుకే, ముందురోజు రాత్రి టీవీ ముందు వింటర్ కోసం ముక్కు చీదిన పెద్దమనిషే మర్నాడు పడవవాడితో, "ఇంకాస్త దగ్గరికి పోనీవయ్యా, తరుముకుంటూ వెళ్లు" అంటాడు. ఇంజను పంకా తగిలి ఒళ్లు చీరుకుపోతే అప్పుడైనా కథ మొదలవుతుందని కాబోలు.

వలల్లో ఇవీ చిక్కుకుంటాయి. అయితే నీటి అడుగున చిక్కి పైకి రాలేకపోతే ఊపిరాడక చనిపోతాయి గనుక, మనం పరుగెత్తుకెళ్లి కాపాడే ఘట్టానికి వ్యవధి ఇవ్వవు. పోనీ, ఒకదాన్ని కొలనులో పెట్టి పెంచి విన్యాసాలు నేర్పుదామంటే, అటువంటి ప్రదర్శనశాలలకు అనుమతి లేదని కేంద్రం 2013లోనే తేల్చిచెప్పింది. ఇక 2000లో సముద్రానికి కొత్త ముఖద్వారం తవ్వి సరస్సుకు ఉప్పునీటిని, చేపలను తిరిగి తెచ్చినవారు డాల్ఫిన్లకూ మేలే చేశారు. కాని ఇసుక తోడే యంత్రం వెనుక వయోలిన్లు మోగించే సంగీత దర్శకుడు ఇంకా పుట్టలేదు. రొయ్యల పెంపకానికి సరస్సులో కట్టిన ఘేరీల, అంటే వలల ఆవరణల, వెదురుకర్రలు పీకడం పతాక సన్నివేశంగా ఏమాత్రం పనికిరాదు.

ఈ పరిస్థితిలో నా ప్రతిపాదన ఒక్కటే. చిలికా డాల్ఫిన్లు తమలో తాము సంప్రదించుకుని, ప్రాణం పోని మేరకు గాయపడగల ఒక పిల్లను ఎంపిక చేసి, దసరా సెలవుల్లో రేవుకు దగ్గరగా వలలో పడే ఏర్పాటు చేయాలి. దాన్ని విడిపించే ఒంటరి కుర్రవాడిగా మా తెలుగు నోలియాల, అంటే జాలరుల, పిల్లవాడు ఒకడు దొరక్కపోడు. వాడు కత్తితో వల కోసేదాకా కథ సాఫీగానే సాగుతుంది. కోసిన వల ఖరీదు ఎవరిస్తారని వాళ్ల నాన్న అడిగే సన్నివేశాన్ని మాత్రం విశ్రాంతికి ముందు పెట్టాలో, తరువాత పెట్టాలో, అసలు చిత్రీకరించకుండానే వదిలేయాలో పెద్దలు నిర్ణయించవలసి ఉంది.