కోన్ మంట పుట్టిస్తే రంగు ఎక్కుతున్నట్టు కాదు

ఆషాఢం దగ్గరపడినా, పెళ్లిళ్ల సీజన్ మొదలైనా ఫోన్లలో ఒక మెసేజ్ తిరుగుతుంది. ఒక్కో గ్రూపులో ఒక్కో తీరుగా ఉంటుంది గానీ సారాంశం ఇది: గోరింటాకు మన పెద్దవాళ్లు తరతరాలుగా పెట్టుకున్నదే, కోన్‌లో ఉన్నదీ ఆ ఆకే, కాబట్టి ఎవరికీ ఏమీ కాదు. ఎంత త్వరగా, ఎంత నల్లగా పండితే అంత మేలురకం. కాస్త మంట, దురద వస్తే రంగు ఎక్కుతోందని, ఒంట్లో వేడి లాగేస్తోందని అర్థం. ఇదివరకు పెట్టుకుని ఏమీ కానివాళ్లకు ఇక ఎప్పటికీ ఏమీ కాదు. దద్దుర్లు వచ్చినా నిమ్మరసం రాస్తే పోతాయి. చలవ చేస్తుంది కనుక పసిపిల్లలకూ పెట్టొచ్చు.

దీన్ని పంపేవాళ్లు చెడు ఉద్దేశంతో పంపడం లేదు. ప్రతి మాట వెనకా కొంత నిజం ఉంది కాబట్టే నమ్ముతున్నారు. కానీ దీన్ని నమ్మి, చెయ్యి మండుతున్నా కడుక్కోకుండా తెల్లారేదాకా ఉంచుకునే ఆడపిల్లలున్నారు. అందుకే ఒక్కో మాటా తీసుకుని జవాబు రాస్తున్నాను.

"కోన్‌లో ఉన్నదీ ఆకే"

ముందు ఆకు సంగతి. గోరింటాకులో లాసోన్ అనే రంగు పదార్థం ఉంటుంది. ఎండిన ఆకులో అది ఒకటి రెండు శాతమే. ఆకు రుబ్బి తడిగా పెట్టినప్పుడు అది బయటికొచ్చి, చర్మం పైపొరలో ఉండే కెరాటిన్ అనే ప్రోటీన్‌ను పట్టుకుంటుంది. ఆ పైపొర అంతా చనిపోయిన కణాలే. అవి రాలిపోతున్నకొద్దీ రంగూ పోతుంది. కోన్ల విషయంలో వెతకాల్సింది ఆకుతోపాటు ఇంకేం కలిపారన్నదే.

చెట్టు నుంచి కోసి రుబ్బిన గోరింటాకు పడనివాళ్లు ఉన్నారు గానీ చాలా అరుదు. ఆకు మీద నాకు ఏ ఫిర్యాదూ లేదు. మా ఇంట్లో ఇప్పటికీ చింతపండు, వక్క వేసి రుబ్బే పెట్టుకుంటాం. ఫిర్యాదల్లా ఫ్యాన్సీ షాపులో దండలా వేలాడే కోన్ల మీదే.

కలిపిన గోరింట ముద్ద మామూలు వేడిలో కొద్ది రోజులకే శక్తి కోల్పోతుంది. ఇంట్లో ఆకుపొడితో కోన్లు చేసి అమ్మేవాళ్లు వాటిని ఫ్రీజర్‌లో పెట్టేది, 'రాగానే వాడేయండి' అని చెప్పేది అందుకే. మరి నెలల తరబడి షాపులో ఎండకు వేలాడిన కోన్ పది నిమిషాల్లో ఎర్రగా ఎలా పండుతోంది? ఆకు ఒక్కటే ఉంటే పండదు. అందులో విడిగా రంగు కలిపారు. తెలంగాణ ఔషధ నియంత్రణ అధికారులు హైదరాబాద్‌లో దాడి చేసి పట్టుకున్న కోన్లలో పిక్రామిక్ యాసిడ్ అనే కృత్రిమ రంగు ఉంది. పైన మాత్రం సహజమైన మెహందీ అనే చెప్పుకున్నారు.

మన దేశంలో సౌందర్య సాధనాల మీద తయారీదారు చిరునామా, లైసెన్స్ నంబరు, ఎప్పటిలోగా వాడాలి, ఏమేం కలిపారు అన్నవి ముద్రించాలి. ఈసారి షాపులో కోన్ చేతిలోకి తీసుకుని తిప్పి చూడండి. చాలావాటి మీద ఒక పూలబొమ్మ, ఒక పేరు తప్ప ఏమీ కనపడవు. లోపల ఏముందో చెప్పని వస్తువుని "ఆకే" అని మనం ఏ ధైర్యంతో అంటున్నాం?

ఇంకో సంగతి. బాగా పండాలని కలిపే నీలగిరి తైలం, లవంగ నూనె చెట్ల నుంచి వచ్చినవే. అయినా మోతాదు మించితే మంట పుట్టిస్తాయి, కొందరికి అసలు పడవు. సహజమైనదైతే చాలు హాని చేయదనుకోవడానికి లేదు.

"ఎంత త్వరగా, ఎంత నల్లగా పండితే అంత మేలురకం"

ఈ మెసేజ్‌లో నన్ను ఎక్కువ భయపెట్టేది ఈ మాటే. ప్రమాదకరమైన కోన్‌ను మేలైనదిగా చూపించేది ఇదే మరి.

గోరింటాకు కడిగిన వెంటనే నారింజ రంగులో ఉంటుంది. గాలి తగిలి ఒకటి రెండు రోజుల్లో ముదిరి ఎరుపు కలిసిన గోధుమరంగులోకి వస్తుంది. అరచేతుల్లో, అరికాళ్లలో పైపొర మందం కాబట్టి ముదురుగానూ, చేతి వెనకా మోచేతి దగ్గరా లేతగానూ పండుతుంది. బొగ్గులాంటి నలుపు మాత్రం ఏ ఊరి ఆకుకూ రాదు. 'నల్ల గోరింట' అనే చెట్టు వేరే లేదు. గంటలోపే, అదీ చేతి వెనక భాగంలో కూడా నల్లగా పండిందంటే అందులో పీపీడీ ఉందని అనుమానించాలి. పూర్తిపేరు పారాఫినైలిన్‌డయమిన్. తలకు వేసే నల్లరంగుల్లో వాడేది ఇదే.

జుట్టుకు వేసే రంగులోనే దీనికి హద్దులున్నాయి. యూరప్‌లో తలకు పట్టించే మిశ్రమంలో ఇది 2 శాతం మించకూడదు, చర్మం మీద డిజైన్లకు అసలు వాడకూడదు. అమెరికాలోనూ చర్మానికి రాసే సౌందర్య సాధనాల్లో దీన్ని అనుమతించరు. అలాంటిది, వేర్వేరు దేశాల్లో పరీక్షించిన నల్ల గోరింట నమూనాల్లో కొన్నింటిలో పీపీడీ 15 శాతం దాటింది. పైగా తలరంగును అరగంటకో ముప్పావు గంటకో కడిగేస్తాం. డిజైన్‌ను గంటల తరబడి ఆరనిస్తాం. ఈజిప్టు, టర్కీ, బాలి సముద్ర తీరాల్లో సరదాగా నల్ల డిజైన్లు వేయించుకున్న పర్యాటకుల పిల్లలు చేతుల నిండా బొబ్బలతో ఇళ్లకు వెళ్లిన ఉదంతాలు వైద్య పత్రికల్లో ఎన్నో ఉన్నాయి. కాలినట్టుగా డిజైన్ ఎలా వేశారో అలాగే బొబ్బలు లేస్తాయి. తగ్గాక కూడా ఆ ఆకారంలోనే తెల్లమచ్చో నల్లమచ్చో నెలల పాటు ఉండిపోతుంది. మనలాంటి చామనఛాయ చర్మం మీద అది మరీ కొట్టొచ్చినట్టు కనపడుతుంది.

మన దగ్గర ఇంకో దారి కూడా ఉంది. తలకు వేసుకునే 'బ్లాక్ మెహందీ' పొట్లంలో కొంత తీసి చేతి కోన్‌లో కలపడం. కొందరు బ్యూటీషియన్లు, ఇంట్లో పెద్దక్కలు కూడా ముదురుగా పండుతుందని ఇలా చేస్తారు. ఆ పొట్లం మీద గోరింట కొమ్మ బొమ్మ ఉన్నా లోపల చాలాసార్లు పీపీడీ ఉంటుంది. ఇలాంటి రంగులు కొందరి చర్మానికి పడకపోవచ్చని, ముందు పరీక్షించుకోవాలని, కనుబొమలకూ కనురెప్పలకూ వాడితే చూపు పోవచ్చని ప్యాకెట్ మీద హెచ్చరిక వేయాలని మన దేశపు నిబంధనే చెబుతోంది. కళ్లద్దాలు పెట్టుకుని ఆ చిన్న అక్షరాలు చదవండి. అంత హెచ్చరిక అవసరమైన పొడిని పెళ్లికూతురి చేతులకు పెట్టకండి.

"మంట, దురద వస్తే రంగు ఎక్కుతోందని అర్థం"

చేతులు వెచ్చగా ఉండేవాళ్లకు ముదురుగా పండటం నిజమే. వెచ్చదనం ఉంటే రంగు బాగా పట్టుకుంటుంది. లవంగాలు పెనం మీద వేసి ఆ ఆవిరి పట్టించేది ఇందుకే. తడి ముద్ద పెట్టినప్పుడు చల్లగా అనిపించడమూ నిజమే. ఈ రెంటినీ కలిపి "వేడి లాగేస్తుంది, అందుకే మండుతుంది" అన్న సిద్ధాంతం చేశారు. లాసోన్ కెరాటిన్‌ను పట్టుకునేటప్పుడు మంట పుట్టదు. పెట్టిన కాసేపటికే మండుతోందంటే అందులో ఏదో పదార్థం చర్మాన్ని చికాకు పెడుతోంది. వెంటనే కడిగేయాలి. డిజైన్ పాడైపోతుందనే టెన్షన్ వద్దు.

అసలు కష్టం ఏమిటంటే, అలర్జీ చాలాసార్లు పెట్టుకున్నప్పుడు ఏ సూచనా ఇవ్వదు. రెండో రోజో మూడో రోజో దురదతో మొదలవుతుంది. అప్పటికి కోన్ చెత్తబుట్టలోకి వెళ్లిపోయి ఉంటుంది. ఇంట్లోవాళ్లు పెళ్లిలో తిన్న వంకాయ కూరను అనుమానిస్తారు.

"ఇదివరకు ఏమీ కాలేదు, కాబట్టి ఇకముందూ కాదు"

తర్కానికి బాగానే కనపడుతుంది. కానీ పీపీడీ అలర్జీ సరిగ్గా దీనికి ఎదురుగా నడుస్తుంది.

పీపీడీ అణువు చాలా చిన్నది. పైపొర దాటి లోపలికి దిగి అక్కడి ప్రోటీన్లతో కలుస్తుంది. దాన్ని మన రోగనిరోధక కణాలు శత్రువుగా గుర్తుపెట్టుకుంటాయి. ఈ గుర్తుపెట్టుకునే పనికి వారం నుంచి రెండు వారాలు పట్టొచ్చు. ఆలోగా రంగు వెలిసిపోవచ్చు కూడా, కనుక మొదటిసారి బయటికి ఏమీ కనపడకపోవచ్చు. కొందరిలో ఎన్నోసార్లు వాడాక మొదలవుతుంది. ఒకసారి ఆ గుర్తు పడ్డాక మాత్రం, మళ్లీ పీపీడీ తగిలినప్పుడు ఒకటి మూడు రోజుల్లోనే కణాలు విరుచుకుపడతాయి. ఆ జ్ఞాపకం సాధారణంగా జీవితాంతం పోదు. అంటే "ఇదివరకు పెట్టుకున్నాను" అన్నది ధీమా ఇచ్చే మాట కాకపోగా, తర్వాతిసారి అలర్జీకి రంగం సిద్ధమై ఉండవచ్చని కూడా చెబుతుంది.

దీని మూల్యం చేతులతో ఆగదు. చిన్నప్పుడు నల్ల కోన్‌తో అలర్జీ తెచ్చుకున్న పిల్ల, నలభై ఏళ్లొచ్చి తలకు రంగు వేసుకున్నప్పుడు ముఖమంతా వాచి కళ్లు తెరవలేని స్థితికి రావచ్చు. మగవాళ్లకు మీసానికి రంగు వేసిన చోట పెదవి వాస్తుంది. పీపీడీకి దగ్గరి చుట్టాల్లాంటి రసాయనాలు ఇంకొన్ని ఉన్నాయి: రాసినచోట తిమ్మిరెక్కించే బెంజోకెయిన్ అనే మందు, ముదురురంగు బట్టల అద్దకాల్లో కొన్ని. అవి కూడా కొందరికి పడకుండా పోతాయి. ఒక్క సాయంత్రపు డిజైన్ కోసం పదేళ్ల పిల్లకు ఇంత బాధ అంటగట్టడం నాకు అన్యాయంగా అనిపిస్తుంది.

"చెవి వెనక చుక్క పెట్టి చూసుకుంటే సరిపోతుంది కదా" అని కొందరు అడుగుతారు. తలరంగు కంపెనీలు చెప్పే పద్ధతి అది. అందులో పీపీడీ ఎంత ఉందో కంపెనీకి తెలుసు. ఏముందో, ఎంతుందో తెలియని కోన్ విషయంలో ఆ చుక్క ఏమీ కాకపోతే మీరు గెలిచినట్టు కాదు. ఆ చుక్కతోనే ఒంట్లో గుర్తు పడటం మొదలుకావచ్చు. అలర్జీ ఉందో లేదో తేల్చుకోవాలంటే చర్మ వైద్యుల దగ్గర కొలిచిన మోతాదుతో వీపు మీద ప్యాచ్ టెస్ట్ చేస్తారు.

"నిమ్మరసం రాస్తే పోతుంది"

పోదు. చిట్లిన చర్మం మీద నిమ్మరసం, టూత్‌పేస్ట్, సున్నం ఏవి రాసినా మంట రెండింతలవుతుంది. ధారగా నీళ్లు పోసి మెత్తని సబ్బుతో కడగండి, గోకకండి, బొబ్బలు చిదమకండి. మెడికల్ షాపులో అడిగి ఏదో ఒక స్టెరాయిడ్ ట్యూబు రాసేయడం కూడా వద్దు. ఆ మందు అవసరం కావచ్చు, కానీ ఎంత బలమైనది, ఎన్ని రోజులు అన్నది డాక్టరే చెప్పాలి. వెళ్లేటప్పుడు కోన్ కవరు గానీ దాని ఫొటో గానీ తీసుకెళ్లండి. కళ్ల చుట్టూ వాచినా, ఊపిరి ఆడకపోయినా ఆ రాత్రే ఆసుపత్రికి వెళ్లాలి.

"చలవ చేస్తుంది, పసిపిల్లలకూ పెట్టొచ్చు"

ఇక్కడ మాత్రం నేను ఇప్పటిదాకా వెనకేసుకొచ్చిన స్వచ్ఛమైన ఆకును కూడా వద్దంటున్నాను.

జీ6పీడీ అనే ఎంజైమ్ తక్కువగా ఉండే పిల్లలు కొందరు పుడతారు. మగపిల్లల్లో ఎక్కువ. మన దేశంలో కొన్ని గిరిజన సమూహాల్లో ఇది మరింత ఎక్కువగా కనపడుతుంది. అలాంటి పిల్లల ఎర్రరక్తకణాలు కొన్ని పదార్థాలను తట్టుకోలేక పగిలిపోతాయి. లాసోన్ వాటిలో ఒకటి. పసికందు చర్మం పల్చన, ఒళ్లు చిన్నది, కాబట్టి అరచేతులకూ అరికాళ్లకూ దట్టంగా పట్టించిన గోరింట నుంచి రక్తంలోకి చేరేది దాని బరువుకు ఎక్కువే. ఇలా పెట్టాక రక్తకణాలు పగిలి ప్రాణం మీదికి వచ్చిన పసిపిల్లల ఉదంతాలు వైద్య పత్రికల్లో నమోదయ్యాయి. బిడ్డకు ఈ లోపం ఉందో లేదో పుట్టగానే చేసే రక్తపరీక్షతో తెలుస్తుంది, కానీ ఆ పరీక్ష మన దగ్గర అందరికీ జరగడం లేదు.

అందుకని బారసాలకో, మొదటి పండగకో అమ్మమ్మ ముచ్చటపడి పెడతానంటే గౌరవంగానే వద్దని చెప్పండి. "పిల్లాడు కాస్త పెద్దవాడయ్యాక పెడదాం అమ్మమ్మా, డాక్టరు ఆగమన్నారు" అంటే ఆవిడా నొచ్చుకోదు. ఇప్పటికే పెట్టేసి ఉంటే, ఒకటి రెండు రోజుల్లో బిడ్డ పాలిపోయినా, కళ్లు పచ్చబడినా, పాలు తాగకుండా మగతగా పడుకున్నా, మూత్రం టీ డికాక్షన్ రంగులో వచ్చినా వెంటనే పిల్లల డాక్టరు దగ్గరికి తీసుకెళ్లండి. గోరింటాకు పెట్టిన సంగతి వాళ్లు అడగకముందే మీరే చెప్పండి.