బియ్యాన్ని లాగే చెంబు గారికి బహిరంగ లేఖ

మహారాజశ్రీ రైస్ పుల్లింగ్ చెంబు గారి సముఖమునకు,

నమస్కారములు. తమరిని కళ్లారా చూసినవాడు ఇంతవరకు తారసపడలేదు గనుక, ఏ చిరునామాకు పంపాలో తెలియక ఈ లేఖను నలుగురూ చదివే చోట పెడుతున్నాను. తమరు పాత రాగిచెంబు రూపంలో ఉంటారనీ, పిడుగు పడటంతో ఆ రాగి కాస్తా ఇరిడియం అనే అరుదైన లోహంగా మారిందనీ, దగ్గర పోసిన బియ్యపు గింజలు వాటంతట అవే లేచివచ్చి తమరిని అంటుకుంటాయనీ, అమెరికా అంతరిక్ష సంస్థ మొదలుకొని మన రక్షణ పరిశోధకుల దాకా వేల కోట్లు పట్టుకుని తమరి కోసం కాచుకుని ఉన్నారనీ మా జిల్లాల్లో చాలా కాలంగా చెప్పుకుంటున్నారు. కొందరు తమరిని గుడి శిఖరం మీది కలశం అంటారు, మరికొందరు శ్రీరామ పట్టాభిషేకం బొమ్మ ఉన్న 1818 నాటి ఈస్టిండియా కంపెనీ అణా అంటారు. అలాంటి బొమ్మతో ఆ కంపెనీ అణాలేవీ వేయలేదన్న చిన్న అభ్యంతరం తమరి కీర్తికి ఏనాడూ అడ్డు రాలేదు.

తమరి వంశం సామాన్యమైనది కాదు. శమంతకమణి రోజుకు ఎనిమిది బారువుల బంగారం ఇచ్చేది. ఏటా వినాయక చవితి నాడు అక్షతలు చేతబట్టుకుని ఇంటిల్లిపాదీ ఆ కథ వింటూనే ఉన్నాం. మణిని మెడలో వేసుకుని వేటకు పోయిన ప్రసేనుణ్ణి సింహం చంపడం, శ్రీకృష్ణుడంతటి వాడి మీద నింద పడటం అన్నీ విని, అక్షతలు నెత్తిన చల్లుకుని, మర్నాడు తమరి ఆచూకీ కోసం బయలుదేరతాం. కొండవీటి రెడ్ల కలిమికి మూలమని చెప్పుకునే పరుసవేది కూడా తమరి పెద్దలలో ఒకటే. అయితే ఒక్క తేడా ఉంది. తమరి పెద్దలు బంగారం ఇచ్చేవారు, తమరు పుచ్చుకుంటారు.

ఆ పుచ్చుకునే పద్ధతి మాత్రం ముచ్చటైనది. మొదట చూపించడానికి అడ్వాన్సు, ఆపైన పరీక్షకు వచ్చే శాస్త్రవేత్తకు రుసుము, ఆయన వేసుకునే రేడియేషన్ దుస్తులకు అద్దె, ఆ తర్వాత ఏదో ఒక ధ్రువపత్రానికి ఖర్చు. లాడ్జి గదిలో కిటికీలు మూసి, న్యూస్ పేపరు పరిచి, గుప్పెడు బియ్యం పోస్తారు. ఎన్ని అంగుళాల దూరం నుంచి గింజ కదిలితే తమరికి అంత ధర. నిజంగానే గింజ కదులుతుంది, ఎందుకంటే దానికి ముందే ఇనుప రజను పట్టించి ఉంటారు, చెంబు అడుగున అయస్కాంతం ఉంటుంది. 2018లో ఢిల్లీ పోలీసులు పట్టుకున్న ఒక తండ్రీకొడుకులు ఇదే విద్యతో, నాసా పేరు చెప్పి, వ్యోమగాముల వేషానికి తగిన వెండిరంగు దుస్తులతో సహా, ఒక వ్యాపారి నుంచి కోటి రూపాయలకు పైగా లాగారు. బియ్యం మాట అటుంచితే, రూపాయిని లాగడంలో తమరి శక్తిని శంకించేవాణ్ణి కాను.

ఇరిడియం పేరు వాడుకుంటున్నారు గనుక ఆ లోహం తరఫున రెండు మాటలు చెప్పాలి. అది 1803లో బయటపడిన అసలుసిసలు మూలకం. దాని పరమాణు సంఖ్య 77, రాగిది 29; ఎంత పెద్ద పిడుగైనా రాగిని కరిగించగలదేమో గానీ ఆ తేడాను పూడ్చలేదు. భూమి పైపొరల్లో అది ఎంత అరుదంటే, 1980లో ఒక పలుచని బంకమట్టి పొరలో ఉండవలసిన దానికన్నా ఎక్కువగా కనిపించినందుకే, 6.6 కోట్ల ఏళ్ల క్రితం ఆకాశం నుంచి ఏదో భారీ శిల వచ్చి పడిందని శాస్త్రవేత్తలు ఊహించారు. బియ్యానికీ దానికీ ఒక సంబంధం ఉన్న మాటా నిజమే. కిలో అంటే ఎంతో 1889 నుంచి 2019 దాకా ప్రపంచానికి నిర్ణయించి చెప్పిన దిమ్మె పారిస్ దగ్గర భద్రంగా ఉంది. అందులో 90 శాతం ప్లాటినం, 10 శాతం ఇరిడియం. అంటే మా తాతల కాలంలో తూకం మోసం చేసిన బియ్యం వర్తకుణ్ణి నిలదీసే హక్కు ఆ లోహానికి ఉండేది. తమరేమో దాని పేరు చెప్పుకుని బతుకుతున్నారు.

ఇన్ని సభలు జరిపినా తమరి మీద ఫిర్యాదులు అంతగా ఎందుకు రావో ఆలోచించాను. వందేళ్లు దాటిన పురావస్తువును విదేశాలకు అమ్మడం 1972 నాటి చట్టం ప్రకారం నేరం. కాబట్టి మోసపోయిన పెద్దమనిషి స్టేషన్ మెట్లెక్కితే, తాను ఏం కొనబోయాడో, ఎవరికి అమ్మబోయాడో కూడా చెప్పుకోవాలి. అందుకే దొంగకు తేలు కుట్టినట్టు ఊరుకుంటాడు. ఈ మౌనమే తమరి అసలు లోహం, దీన్ని ఏ అయస్కాంతమూ కదపలేదు. దీని చాటున తమరి వేటలో పడ్డవాళ్లు గుడుల మీది కలశాలను రాత్రికి రాత్రి పీకుతున్నారు. శిఖరం మీద ఎండకూ వానకూ నిలిచిన ఆ రాగి, ఒక్క గింజను కూడా లాగలేదని తేలాక ఏ పాత సామాన్ల కొట్టుకు చేరుతుందో అడిగేవాడు లేడు.

చివరగా ఒక విన్నపం. తమరి దగ్గర అంత మహిమే ఉంటే యజమాని తమరిని ఇంట్లో పెట్టుకోకుండా అమ్మకానికి ఎందుకు పెట్టాడన్న మొరటు ప్రశ్న వేయను. ఒకసారి మా ఊరికి దయచేయండి. పరీక్ష పట్టపగలు, పంచాయతీ కార్యాలయం అరుగు మీద, బడిపిల్లల ఎదుట జరుగుతుంది. బియ్యం మా చౌకదుకాణం నుంచి తెస్తాం, చెంబు అడుగును పిల్లలు తడిమి చూస్తారు. గింజ ఒక్క అంగుళం కదిలినా దండ వేసి ఊరేగిస్తాం. అడ్వాన్సు మాత్రం ఈసారి తమరే కట్టాలి.

ఇట్లు,
తమరిని కొనలేని ఒక రేషన్ కార్డుదారుడు